పసిబిడ్డకి హెర్పిస్: పొక్కుల కోసం ఎదురుచూడకండి

నేను పసిపిల్లల వార్డులో నర్సుని. ఈ జబ్బు గురించి రాయాలని చాలా రోజుల్నుంచి ఉంది, ఎందుకంటే హెర్పిస్ అనగానే చుట్టాలంతా గొంతు తగ్గించేస్తారు, అందరి చూపూ తల్లి మీదకి పోతుంది, బిడ్డ సంగతి వెనకపడిపోతుంది. నాకు ఒళ్ళు మండేది అక్కడే.

నీటిపొక్కులు తెప్పించే ఈ హెర్పిస్ సింప్లెక్స్ వైరస్ రెండు రకాలు, ఒకటోది ఎక్కువగా మూతి దగ్గర, రెండోది ఎక్కువగా జననాంగాల దగ్గర వస్తుంది, కానీ ఒకటోది అక్కడా రావచ్చు, బిడ్డకి ఈ రెండిట్లో ఏదైనా అంటుకోవచ్చు. ప్రపంచంలో 50 ఏళ్ళ లోపు వాళ్ళలో సగానికి పైగా మంది ఒంట్లో ఒకటో రకం ఉంది, చాలామందికి ఆ సంగతే తెలీదు. బిడ్డకి ఈ జబ్బొచ్చిన తల్లుల్లో కూడా ఎక్కువమందికి తమకి హెర్పిస్ ఉందని అప్పటిదాకా తెలియనే తెలీదు. మరి ఎవర్ని నిలదీస్తారు చెప్పండి?

100 కేసుల్లో దాదాపు 85 కాన్పు టైంలోనే అంటుతాయి. తల్లికి జననాంగాల దగ్గర ఎప్పట్నుంచో ఉన్న హెర్పిస్ కంటే నెలలు నిండే ముందు కొత్తగా అంటుకున్నదే ప్రమాదం, పాతదైతే తల్లి ఒంట్లో తయారైన, వైరస్‌తో పోరాడే యాంటీబాడీలు బిడ్డకీ చేరి కొంత కాపాడతాయి, కొత్తదైతే వాటికి టైం ఉండదు. కొత్తగా అంటుకున్నప్పుడు 100లో 30 నుంచి 50 మంది బిడ్డలకి రావచ్చు, పాతది తిరగబెడితే ముగ్గురికి మించదు. అందుకే ఇదివరకు అక్కడ వచ్చినవాళ్ళు దాచుకోకుండా డాక్టర్‌కి చెప్పండి, 36వ వారం నుంచి వైరస్‌ని అణిచే ఎసైక్లోవిర్ మాత్రలు ఇస్తారు, నొప్పులు మొదలయ్యేటప్పటికి అక్కడ పుళ్ళు ఉంటే సిజేరియన్ చేస్తారు.

పుట్టాక కూడా అంటుకోవచ్చు, అది మాత్రం పూర్తిగా మన చేతుల్లో ఉంది. పెదవి అంచున చిమచిమలాడి, సన్నటి నీటిపొక్కులు గుత్తిగా లేచి, చితికి పక్కు కడతాయి కదా, ఆ చిమచిమ మొదలైన దగ్గర్నుంచి పక్కు రాలి కింద చర్మం మామూలయ్యేదాకా బిడ్డని ముద్దు పెట్టుకోకూడదు, అమ్మమ్మైనా నాన్నైనా సరే, ఎవరేమనుకున్నా మొహమాటపడకండి. తల్లికే మూతి మీద ఉంటే మాస్క్ పెట్టుకుని చేతులు కడుక్కుని పాలివ్వచ్చు. రొమ్ము మీద పుండుంటే ఆ వైపు మానేయాలి.

ఇక అసలు విషయం. బిడ్డ ఒంటి మీద పొక్కులొస్తే ఎవరైనా పరిగెడతారు, కానీ కొంతమంది బిడ్డలకి పొక్కులే రావు! వైరస్ మెదడుకి పాకొచ్చు, లేదంటే లివర్, ఊపిరితిత్తులు అన్నిటికీ పాకొచ్చు, చర్మం మాత్రం నున్నగా ఉంటుంది. ఎక్కువగా మొదటి మూడు వారాల్లో బయటపడుతుంది. నిన్నటిదాకా గటగటా తాగిన బిడ్డ రెండు చప్పరింపులు చప్పరించి రొమ్ము వదిలేస్తుంది, తడిబట్ట మార్చినా ఏడవదు, ఎత్తుకుంటే కాళ్ళూచేతులూ వేలాడేస్తుంది. ఒక చెయ్యి ఒకే లయలో కొట్టుకుంటుంటే మెల్లగా పట్టుకుని చూడండి, మామూలు వణుకైతే ఆగిపోతుంది, ఫిట్స్ అయితే మీ చేతిలో కూడా కొట్టుకుంటూనే ఉంటుంది. నెల లోపు బిడ్డకి 38 డిగ్రీల జ్వరమున్నా, ఒళ్ళు చల్లబడినా ఇంట్లో సిరప్ పోసి పొద్దున చూద్దాం అనుకోకండి, అర్ధరాత్రైనా ఆస్పత్రికి తీసుకెళ్ళాల్సిందే. వెళ్ళాక ఇంట్లో ఎవరికైనా మూతి మీద పొక్కులుంటే ఆ మాట అడగకుండానే చెప్పండి, మీకు చిన్నగా అనిపించిన ఆ మాటతోనే డాక్టర్ ఆలోచన ఇటు తిరగొచ్చు.

వెన్నునీరు తీస్తామనగానే చాలామంది వద్దంటారు, నడుం పడిపోతుందని భయం. పడిపోదండీ. వైరస్ మెదడుకి చేరిందా లేదా తేల్చడానికి ఆ నీటి మీద చేసే పీసీఆర్ పరీక్ష చాలా ముఖ్యం, మందు 14 రోజులా 21 రోజులా అన్నది కూడా చాలావరకు దాన్నిబట్టే ఉంటుంది. అనుమానం గట్టిగా ఉంటే రిపోర్ట్ వచ్చేదాకా ఆగకుండా ఎసైక్లోవిర్ నరంలోకి ఎక్కిస్తారు, 8 గంటలకోసారి. ఒళ్ళంతా పాకినప్పుడు మందు పడకపోతే 100లో 85 మంది దక్కరు, మందు పడితే 70 మంది దాకా బతుకుతారు. చర్మం, కళ్ళు, నోటి దగ్గరే ఉండగా పట్టుకుంటే దాదాపు అందరూ బాగుపడతారు, ఒక్క రోజు ముందొచ్చినా ఎంత తేడానో నేను కళ్ళారా చూస్తుంటాను.

డిశ్చార్జ్ అయ్యాక ఇంకో ఆర్నెల్లు ఎసైక్లోవిర్ సిరప్ పోయాలి, బిడ్డ బాగానే ఉందని మధ్యలో ఆపేయకండి. ఆ మందు వల్ల తెల్లకణాలు తగ్గుతున్నాయేమో చూడటానికి మధ్యమధ్యలో రక్తపరీక్ష ఉంటుంది. బిడ్డ పెరిగేకొద్దీ డోసు కూడా పెంచాలి, కాబట్టి మొదటి సీసా మీద రాసిందే చివరిదాకా పోయకుండా చెకప్‌కి వెళ్ళిన ప్రతిసారీ ఎన్ని ఎంఎల్ పోయాలో మళ్ళీ అడిగి రాయించుకోండి.