ఎల్మైరా మైదానంలో స్టీవ్ డాల్కౌస్కీ జాడ

న్యూజెర్సీలో స్థిరపడిన తెలుగువాళ్లు స్వదేశం నుంచి వచ్చిన చుట్టాలను నయాగరా జలపాతానికి తీసుకువెళ్లేటప్పుడు దారిలో కార్నింగ్ గాజు మ్యూజియం దగ్గర ఆగడం దాదాపు ఆనవాయితీ. అక్కడికి కాస్త ముందుగా, అదే రహదారి మీద ఎల్మైరా అనే పాత ఊరు వస్తుంది. మార్క్ ట్వేన్ సమాధి ఉన్న ఊరు అదే అయినా, మా అక్కయ్య కుటుంబంతో వెళుతున్న నేను అక్కడ ఆగుదామని పట్టుబట్టింది మాత్రం షెముంగ్ నది ఒడ్డున ఉన్న డన్ ఫీల్డ్ అనే బేస్‌బాల్ మైదానం కోసం. హైస్కూల్ జట్టులో పిచ్చర్‌గా ఆడే మా మేనల్లుడు వెంటనే నా పక్షం చేరాడు. ఒకప్పుడు ఎల్మైరా జట్టుకు ఆడిన పిచ్చర్ స్టీవ్ డాల్కౌస్కీ గురించి నాకు మొదట చెప్పింది వాడే.

బేస్‌బాల్‌లో పిచ్చర్ బంతిని నేలకు తగలకుండా బ్యాటర్ వైపు విసురుతాడు. బ్యాటర్ ఎదుట ఉన్నట్టు భావించే చట్రంలోంచి పోతే అది స్ట్రైక్, బ్యాటర్ ఊపకుండా వదిలేసిన బంతి ఆ చట్రానికి బయట పోతే బాల్. మూడు స్ట్రైక్‌లకు బ్యాటర్ ఔట్, నాలుగు బాల్‌లు పడితే అతను తాపీగా మొదటి బేస్‌కు నడిచిపోవచ్చు. ఈ నడకను వాక్ అంటారు. ఒక్క పరుగుతో సరిపెట్టే మన క్రికెట్ వైడ్ కంటే ఇది గట్టి శిక్ష.

1939లో కనెక్టికట్‌లోని న్యూ బ్రిటన్‌లో పుట్టిన డాల్కౌస్కీ, దళసరి కళ్లద్దాలు పెట్టుకుని ఎడమచేత్తో విసిరేవాడు. 1957లో పెద్ద లీగ్‌లో ఆడే బాల్టిమోర్ ఓరియోల్స్ సంస్థ ఆయనతో ఒప్పందం చేసుకుని, టెనెసీలోని కింగ్స్‌పోర్ట్‌లో కింది స్థాయి లీగ్‌లో ఆడే తన చిన్న జట్టుకు పంపింది. అక్కడ 62 ఇన్నింగ్స్‌లో (బేస్‌బాల్‌లో మామూలుగా ఒక ఆటకు తొమ్మిది ఇన్నింగ్స్) 121 మందిని స్ట్రైకౌట్ చేసి, 129 మందికి వాక్ ఇచ్చాడు. 1960లో కాలిఫోర్నియాలోని స్టాక్టన్‌కు ఆడినప్పుడు 170 ఇన్నింగ్స్‌లో స్ట్రైకౌట్లు 262, వాక్‌లు కూడా సరిగ్గా 262. ఆ చెయ్యి ఎంతటిదో, దాని అదుపు ఎంత తక్కువో ఆ ఒక్క జంట అంకె చెప్పేస్తుంది.

వేగం సంగతికి వస్తే, గంటకు 110 మైళ్లని మా వాడి నమ్మకం. నాకు అంత నమ్మకం లేదు. 1958లో అబర్డీన్‌లోని సైనిక పరీక్షా కేంద్రంలో కొలిచినప్పుడు 93.5 మైళ్లే వచ్చింది. అయితే అంతకు ముందురోజే ఆట ఆడి అలసిన చేత్తో, మామూలుగా పిచ్చర్ ఎక్కి విసిరే మట్టిదిబ్బ లేని సమతల నేల మీద నిలబడి, కొలిచే పరికరంలోంచి ఒక్క బంతి పోయేదాకా చాలాసేపు విసిరి విసిరి సాధించిన అంకె అది. కాబట్టి నిజం ఆ రెండింటి మధ్య ఎక్కడో ఉండి ఉంటుంది.

మైదానం గేటు పక్కన ఇనుప జాలీకి ముఖం ఆనిస్తే మట్టిదిబ్బ స్పష్టంగా కనిపించింది. దాని మీది తెల్లని పలకకూ బ్యాటర్ నిలబడే ప్లేటుకూ దూరం 60 అడుగుల 6 అంగుళాలే. టీవీలో ఎంతో దూరంగా తోచే ఆ జాగా ఎదురుగా చూస్తే భయపడేంత దగ్గరగా ఉంది. దారి తప్పే బంతికి ఎదురుగా అక్కడ నిలబడిన బ్యాటర్ల మీద నాకు జాలి వేసింది.

1962లో ఎల్మైరా జట్టు మేనేజరు ఎర్ల్ వీవర్. అంతకు ముందు శిక్షకులు డాల్కౌస్కీని చెక్క లక్ష్యాలకు గురిపెట్టి విసరమన్నారు, ప్లేటుకు చెరోపక్కా బ్యాటర్‌ను నిలబెట్టి మధ్యలోంచి విసరమన్నారు. ఎవరికి తోచిన సలహా వాళ్లు ఇచ్చారు. సలహాలు ఎక్కువై కుర్రాడు తికమక పడుతున్నాడని వీవర్ గ్రహించి, నేరుగా దూసుకుపోయే ఫాస్ట్‌బాల్, చివర్లో పక్కకు జారే స్లైడర్ రెండే చాలు, ప్లేటు మధ్యకు విసిరితే చాలని చెప్పాడు. ఆ ఏడాది 160 ఇన్నింగ్స్‌లో స్ట్రైకౌట్లు 192, వాక్‌లు 114. కొత్తది నేర్పడం కంటే నేర్పిన వాటిలో అక్కర్లేనివి తీసేయడమే వీవర్ గొప్పతనమని నాకు అనిపిస్తుంది. బేస్‌బాల్ చరిత్రలో ఎల్మైరాకు చోటు ఉంటే అది ఈ సీజన్ వల్లనే ఉండాలి.

“ఇంతకీ పెద్ద లీగ్‌లో ఆడాడా?” అని బావగారు అడిగారు. ఆడలేదు. 1963 మార్చిలో, ఓరియోల్స్ ప్రధాన జట్టులో చోటు దాదాపు ఖాయమైన రోజుల్లో, న్యూయార్క్ యాంకీస్ జట్టుతో సన్నాహక ఆటలో ఆయన మోచెయ్యి దెబ్బతింది. ఆ వేగం మళ్లీ రాలేదు. మరికొన్నేళ్లు చిన్న జట్ల మధ్య తిరిగి, తర్వాత కాలిఫోర్నియా పొలాల్లో కూలి పని చేశాడు, తాగుడుకు లోబడిపోయాడు. 1990లలో సొంత ఊరు చేరి సంరక్షణ కేంద్రంలో ఉన్నాడు. వీవర్ మాత్రం ఓరియోల్స్‌కే మేనేజరై 1970లో పెద్ద లీగ్ విజేతను తేల్చే వరల్డ్ సిరీస్ గెలిపించాడు.

మా మేనల్లుడు కార్నింగ్ దాకా 110 మైళ్ల వాదన వదల్లేదు. 2003లో బాల్టిమోర్ స్టేడియంలో ఆటకు ముందు లాంఛనంగా తొలి బంతి విసిరే గౌరవాన్ని ఓరియోల్స్ డాల్కౌస్కీకి ఇచ్చిందనీ, 2020 ఏప్రిల్‌లో ఆయన కోవిడ్‌తో న్యూ బ్రిటన్‌లోనే కన్నుమూశాడనీ చెప్పింది కూడా వాడే.