కుళాయి ఆగిపోయిన ఆ క్షణం

నిన్న రాత్రి 'అమూర్' సినిమా బ్లూరే డిస్క్ పెట్టుకుని మళ్లీ చూశాను. 2012లో కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి పామ్ డోర్, ఆ తర్వాత ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ గెలిచిన మైకేల్ హానెకే ఫ్రెంచ్ సినిమా. ఇదివరకు ల్యాప్‌టాప్‌లో చూసినప్పుడు వంటింటి సీను నాకు సగమే అందిందని ఇప్పుడు అర్థమైంది. కథలోని ముసలి దంపతులు టిఫిన్ చేస్తుండగా భార్య ఉన్నట్టుండి బొమ్మలా ఉండిపోతుంది, భర్త కుళాయి కట్టకుండానే కంగారుగా లోపలికెళ్లి బట్టలు మార్చుకుంటుంటాడు, అవతల నీళ్ల చప్పుడు వినిపిస్తూనే ఉండి ఒక్కసారిగా ఆగిపోతుంది. నా గుండె జారిపోయింది!

ఈ సినిమాకి నేపథ్య సంగీతం లేదు. కథలో ఎవరైనా పియానో వాయిస్తేనో సీడీ పెడితేనో వినపడేదే, అందుకే డిస్క్‌లో సౌండ్ ఇంత శుభ్రంగా ఉండటం నాకు చాలా పెద్ద విషయం, తలుపు చప్పుడు కూడా ఏ గదిలోంచి వస్తోందో తెలిసిపోతోంది. బొమ్మ నాణ్యత కూడా బాగుంది. దాదాపు అంతా ఒక్క పారిస్ ఫ్లాట్‌లోనే, మసక దీపాల్లో నడిచే సినిమా అయినా చీకటి ఎక్కడా ముద్దలా అయిపోలేదు, భార్యగా చేసిన, 80 దాటిన ఎమ్మాన్యుయెల్ రివా ముఖంలో ప్రతి ముడతా కనిపిస్తుంది. డిస్క్‌లో సినిమాతో పాటు ఇచ్చే ఎక్స్‌ట్రా వీడియోలే తక్కువ. మేకింగ్ వీడియో ఉంది గానీ, రివా, భర్తగా చేసిన ట్రాంటిన్యాన్ ఇద్దరితో తీరిగ్గా మాట్లాడించిన ఇంటర్వ్యూ ఒకటి ఉండాల్సింది, ఆ లోటు నాకు నిజంగా బాధనిపించింది.

మధ్యలో అమ్మ వచ్చి పక్కన కూర్చుంది. సబ్‌టైటిల్స్ వైపు చూడకుండానే "పాపం, ఆమెకి పక్షవాతం కదూ" అని, చివరిదాకా లేవలేదు.