లయ పరుగెత్తిందని వాడికి ఎవరు చెప్తారు?

నా స్నేహితుడు పాడేవాడు, నేను మృదంగం వాయించేవాణ్ణి. ఇద్దరం విజయనగరం సంగీత కళాశాలలోనే చదివాం, 1919లో ఆదిభట్ల నారాయణదాసు గారు తొలి ప్రిన్సిపాల్‌గా మొదలైన కాలేజీ అది. ఇప్పుడు వాడికి చెన్నై డిసెంబర్ సీజన్లో కచేరీలు, అమెరికా టూర్లు. నేను పిల్లలకు పాఠాలు చెప్పుకుంటూ, పిలిచిన చోటికి వెళ్లి వాయిస్తున్నాను.

పక్కవాద్యానికి నన్ను పిలవట్లేదని కోపం లేదు. పెద్ద సభల్లో ఆ సంగతి చాలాసార్లు సభవాళ్లే చూసుకుంటారు. నా బాధ వేరు. ఒకప్పుడు కచేరీ అయ్యాక నేను మృదంగం ఎడమ మూతకు పెట్టిన రవ్వముద్ద గీకి తీస్తుంటే పక్కనే చతికిలబడి, "ఎక్కడ జారానో చెప్పరా" అనేవాడు. "ఒకే పాదాన్ని తిప్పి తిప్పి పాడిన నెరవల్ బాగుంది, స్వరాల్లో పాదం ఎత్తుకునే ఎడుపుకి ముందే వచ్చేశావు" అంటే అక్కడికక్కడే తొడ మీద తాళం వేసి మళ్లీ పాడి చూసుకునేవాడు. "చరణంలో నీ వాయింపు సాహిత్యాన్ని మింగేసింది" అని నాకూ మొహం మీదే చెప్పేవాడు. నా చేతికి నెమ్మది వచ్చింది ఆ మాటల వల్లే.

మొన్న విశాఖలో వాడి కచేరీకి వెళ్లాను. తోడి రాగం ఆలాపనలో గాంధారం (గ స్వరం) దగ్గర వాడు నిలిచిన తీరుకి కళ్లు చెమర్చాయి. తర్వాత అప్పటికప్పుడు స్వరాలు అల్లి పాడే స్వరకల్పనలో, రెండో కాలంలో, అంటే రెట్టింపు వేగంలో, లయ పరుగెత్తింది. మృదంగం కుర్రాడు కూడా పాపం వెంట పరుగెత్తాడు. వెనక్కి లాగి పట్టుకునే చనువు అతనికెక్కడిది? హాలంతా చప్పట్లు. స్టేజీ వెనక సెల్ఫీల కోసం క్యూ. నన్ను చూసి, "మేనేజర్‌తో మాట్లాడరా, ఏదో ఒక డేట్ చూద్దాం" అన్నాడు. నేను డేట్ కోసం వచ్చాననుకున్నాడు! ఆ మాట గుచ్చుకుంది.

ఇళయరాజా గారికీ బాలు గారికీ మధ్య 2017లో వ్యవహారం లీగల్ నోటీసు దాకా వెళ్లింది. 2019లో మళ్లీ ఒకే వేదిక మీద పాడారు. మా మధ్య అసలు గొడవే లేదు కదా అనుకుని, నిన్న రాత్రి ఫోన్ చేసి ఉన్నదున్నట్టు చెప్పేశాను.

కాసేపు మాట్లాడలేదు. "తోడిలోనా?" అన్నాడు. "అవును, రెండో కాలం." "రికార్డింగ్ విని చేస్తా" అని పెట్టేశాడు. ఇంకా చేయలేదు. పుష్య బహుళ పంచమికి, త్యాగరాజ ఆరాధన రోజున, మా ఊళ్లో ఆయన పంచరత్న కీర్తనల గోష్ఠి ఉంది. మేనేజర్‌ని అడగను, నేరుగా వాడినే రమ్మంటాను.