పార్ట్ టూ పడిందా?

మా ఊళ్ళో మిలిటరీ అబ్బాయిని చేసుకున్న కొత్త కోడలు ఎవరు కనబడినా నేను ముందు అడిగే మాట ఒకటే: "పార్ట్ టూ పడిందా అమ్మా?" చాలామంది బిక్కమొహం వేసుకుని చూస్తారు. క్యాంటీన్ కార్డంటే తెలుసు, హాస్పిటల్ కార్డంటే తెలుసు. ఆ కార్డులన్నీ పార్ట్ టూ అనే ఆర్మీ కాగితంలోంచే వస్తాయని మాత్రం వాళ్ళకి ఎవరూ చెప్పి ఉండరు. అత్తగారికి తెలియదు, మొగుడికి తెలిసినా చెప్పాలని తోచదు. అందుకే ఇది రాస్తున్నాను.

మాది గిద్దలూరు దగ్గర పల్లె. వానమీద ఆధారపడిన సేద్యం. ఇంటరు కాగానే కుర్రాళ్ళు తెల్లవారుజామున రోడ్డెక్కి పరుగు ప్రాక్టీసు మొదలుపెడతారు. మా చుట్టుపక్కల పల్లెల్లో మిలిటరీ మనిషి లేని వీధి అరుదు. మా ఆయన ఆర్టిలరీలో, అంటే ఫిరంగి దళంలో చేరి హవల్దారుగా పెన్షన్ వచ్చారు. ఆయన కాగితాలుండే రికార్డ్ ఆఫీసు మహారాష్ట్రలో, నాసిక్ రోడ్‌లో. బండ్లు, యంత్రాలు బాగుచేసే ఈఎంఈ దళంలో చేసినవాళ్ళవి సికింద్రాబాద్‌లో, మద్రాస్ రెజిమెంటు వాళ్ళవి వెల్లింగ్టన్‌లో, సిగ్నల్స్ వాళ్ళవి జబల్‌పూర్‌లో ఉంటాయి. మన మనిషి ఏ దళంలో పనిచేశాడో దానికో రికార్డ్ ఆఫీసు ఉంటుంది. పెళ్ళాం పిల్లల పేర్లు చివరికి చేరాల్సింది అక్కడికే.

సైనికుడికి సంబంధించి ఏం జరిగినా యూనిట్‌లో ఒక ఆర్డరుగా రాస్తారు. లీవు, ప్రమోషన్, కోర్సు, పెళ్ళి, బిడ్డ పుట్టడం, అమ్మో నాన్నో పోవడం, అన్నీ. దాన్నే పార్ట్ టూ ఆర్డర్ అంటారు. దానికో నంబరు, తేదీ ఉంటాయి. అది రికార్డ్ ఆఫీసుకు వెళ్ళి ఆయన రికార్డులో ఎక్కాలి. ఊరంతా భోజనాలు చేసి అక్షింతలు వేసి వెళ్ళినా సరే, ఆ ఆర్డరు పడేదాకా ఆర్మీ లెక్కలో మీ ఆయన బ్రహ్మచారే. డిపెండెంట్ కార్డు, మిలిటరీ హాస్పిటల్లో వైద్యం, ఫ్యామిలీ క్వార్టరు, రేపు పెన్షన్ కాగితంలో భార్య పేరు, ఆయన తర్వాత ఫ్యామిలీ పెన్షన్, ఇవన్నీ దాన్నిబట్టే. కార్డులు కొమ్మలైతే పార్ట్ టూ వేరు.

ఇంత గట్టిగా ఎందుకు చెప్తున్నానంటే, దీనివల్ల ఒక పిల్ల పడిన బాధ దగ్గరుండి చూశాను. మా పక్క ఊరి అమ్మాయి. ఎండాకాలం లీవులో పెళ్ళయింది. లీవైపోయి అబ్బాయి వెళ్ళిపోయాడు. పెళ్ళి కాగితాలు మళ్ళీ లీవుకు వచ్చినప్పుడు తీసుకెళ్తానన్నాడట. ఈలోపే రోడ్డు ప్రమాదంలో పోయాడు. బీమాకి నామినీగా పెళ్ళికి ముందు రాసిన తల్లి పేరే ఉంది. రికార్డులో ఈ పిల్ల పేరే లేదు. తెల్ల చీరలో కూర్చున్న పిల్లని పట్టుకుని, నువ్వు అతని భార్యవని రుజువు చేసుకో అన్నారు. పెళ్ళి రిజిస్ట్రేషన్ చేయించలేదు. శుభలేఖ, ఫోటోలు, తహసీల్దారు ఇచ్చే కుటుంబ సభ్యుల సర్టిఫికెట్, చివరికి కోర్టు కాగితం దాకా పోవాల్సి వచ్చింది. అత్తగారు మంచిది కాబట్టి అడ్డుపడలేదు. ఆవిడే గనక ఎదురు తిరిగి ఉంటే ఆ పిల్ల గతి ఏమిటన్నది ఊహించడానికే నాకు భయం.

ఆ కాగితాలు వెంటనే పంపడానికి ఆ అబ్బాయికి ఏం అడ్డం? పెళ్ళి సర్టిఫికెట్, ఇద్దరి ఆధార్, జాయింట్ ఫోటో, అంతే కదా. లీవు అయిపోయి రైలెక్కేలోపు ఆ కవరు అతని బ్యాగులో పెట్టే మనిషి ఇంట్లో ఒకరుండాలి. యూనిట్లో క్లర్కు అడిగినప్పుడు చూద్దాంలే అని ఊరుకోకూడదు.

ఇక పేర్ల సంగతి. మన తెలుగువాళ్ళకి ఇది పెద్ద తలనొప్పి. మనకి ఇంటిపేరు ముందు, అసలు పేరు తర్వాత. పెళ్ళయ్యాక ఆడపిల్లకి ఇంటిపేరు మారుతుంది, కొందరు మార్చుకోరు. టెన్త్ సర్టిఫికెట్లో ఒక రకం, ఆధార్‌లో ఒక రకం, బ్యాంకులో పొట్టి అక్షరాలతో ఇంకో రకం. అవతల యూనిట్లో రాసేది ఎక్కువగా ఉత్తరాది క్లర్కు. అతనికి లక్ష్మి అంటే లక్ష్మీదేవి, సుజాత అంటే సుజాతా కుమారి. మనం చెప్పింది అతనికి ఎలా వినబడితే అలా రాస్తాడు. సంతకం పెట్టే ముందు మన మనిషి చదివి చూడాలి కదా? చూడరు. పరేడ్‌కి టైమవుతుందంటారు.

మా ఊళ్ళో నాకు అత్త వరసయ్యే పెద్దావిడ ఉన్నారు. మామ డెబ్భై ఒకటి యుద్ధంలో చేసిన మనిషి, ఎప్పుడో పోయారు. ఆవిడకి ఫ్యామిలీ పెన్షన్ వస్తుంది గానీ హాస్పిటల్ కార్డు లేదు. మోకాళ్ళు నొప్పులు, కళ్ళు మసకలు, అయినా డబ్బు పెట్టి ప్రైవేటుకి పోతుంటే ఆపి, మాజీ సైనికుల వైద్య పథకం ఈసీహెచ్‌ఎస్‌కి అప్లై చేద్దామని కాగితాలు తెమ్మన్నాను. ట్రంకు పెట్టెలోంచి పాలిథిన్ కవరు, దానిలో గుడ్డ మూట, దానిలో సర్వీసు అయిపోయినప్పుడు ఆర్మీ ఇచ్చిన మామ డిశ్చార్జి బుక్కు. పేజీల అంచులు పిండిలా రాలుతున్నాయి. భార్య పేరు రాసే చోట నీలం ఇంకుతో ఇంగ్లీషులో 'సుబ్బా దేవి' అని ఉంది. ఆధార్‌లో ఇంటిపేరుతో సహా వెంకట సుబ్బమ్మ. పుట్టిన తేదీ డిశ్చార్జి బుక్కులో అసలు లేదు. ఆధార్‌లో జనవరి 1.

"నన్ను చూసినోళ్ళు ఊళ్ళో ఇంతమంది ఉండారు గదమ్మా, కాయితం మాట పట్టుకుంటారేంది?" అంది ఆవిడ.

ఏం చెప్పను? కాగితాన్ని సరిచేయించడం తప్ప దారి లేదు. ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్ దగ్గర అఫిడవిట్ చేయించాం. ఒక ఇంగ్లీషు పేపర్లో, ఒక తెలుగు పేపర్లో ప్రకటన వేయించాం. ఆధార్, పాన్, మామ డెత్ సర్టిఫికెట్, డిశ్చార్జి బుక్కు నకళ్ళు అన్నీ కలిపి జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ద్వారా రికార్డ్ ఆఫీసుకు పంపాం. అక్కడ పేరు మార్పుకి మళ్ళీ పార్ట్ టూ పడాలి. ఆ తర్వాత ప్రయాగ్‌రాజ్‌లోని పెన్షన్ల ఆఫీసు సవరించిన పెన్షన్ ఆర్డరు ఇస్తుంది. మధ్యలో ఒక కౌంటర్లో కుర్రాడు "ఈ వయసులో ఇవన్నీ ఎందుకు మామ్మా" అన్నాడు. నాకు ఒళ్ళు మండింది. ఈ వయసులోనే కదా కావాలి! ఫ్యామిలీ పెన్షన్ తీసుకునేవాళ్ళకి 80 ఏళ్ళు నిండితే 20 శాతం అదనంగా ఇస్తారు. 85కి 30, 90కి 40, 95కి 50 శాతం, 100 నిండితే పెన్షన్‌కి పెన్షన్ అంత. పుట్టిన తేదీ రికార్డులో లేకపోతే ఆ పెంపు ఎవరు లెక్కవేస్తారు? తల్లులూ అత్తలూ ఇంట్లో ఉన్నవాళ్ళు ఆ ఒక్క గడి చూడండి. పెన్షన్ ఆర్డరులో భార్య పుట్టిన తేదీ ఉందో లేదో.

ఈసీహెచ్‌ఎస్ 2003 ఏప్రిల్‌లో మొదలైంది. అంతకుముందు పెన్షన్ వచ్చిన మిలిటరీ మనిషికి మా వైపు వైద్యమంటే దూరానున్న మిలిటరీ హాస్పిటల్ ఒక్కటే దిక్కు. ఇప్పుడు ఆ పథకం వాళ్ళ పాలీక్లినిక్‌కి వెళ్తే మందులిస్తారు, అవసరమైతే ఒప్పందం ఉన్న ప్రైవేటు హాస్పిటల్‌కి రెఫరల్ రాస్తారు, అక్కడ డబ్బు కట్టక్కర్లేదు. ప్రాణం మీదికొస్తే రెఫరల్ లేకుండానే నేరుగా వెళ్ళొచ్చు, కార్డు మాత్రం చేతిలో ఉండాలి. ఒకేసారి కట్టే చందా హవల్దారు వరకూ 30 వేలు, నాయబ్ సుబేదారు నుంచి సుబేదారు మేజర్ వరకూ 67 వేలు, ఆఫీసర్లకి లక్షా 20 వేలు. యుద్ధంలో భర్తని పోగొట్టుకున్నవాళ్ళకి చందా లేదు. 1996కి ముందు పెన్షన్ వచ్చినవాళ్ళకీ లేదు. మా అత్తలాంటి వాళ్ళు చాలామంది డబ్బు కట్టాలేమోనని భయపడి అటు తొంగి చూడరు.

కార్డు మనిషికొకటి. ఆయన కార్డు చూపించి భార్యకి మందులు తెచ్చుకోవడం కుదరదు. అప్లికేషన్ ఆన్‌లైన్లోనే. నెట్ సెంటర్లో టైప్ చేయించేటప్పుడు పక్కన నిలబడి ప్రతి అక్షరం చూసుకోండి. పెన్షన్ ఆర్డరులో ఎలా ఉందో ఆధార్‌లో అలా, ఆధార్‌లో ఎలా ఉందో ఇక్కడ అలా ఉండాలి. బ్లడ్ గ్రూపు ముందే చేయించుకుని వెళ్ళండి.

పిల్లల దగ్గర వచ్చే గొడవ వేరు. కొడుక్కి 25 నిండినా, ఉద్యోగమొచ్చినా, పెళ్ళయినా, ఏది ముందైతే అప్పటితో కార్డు ఆగిపోతుంది. కూతురికి వయసు పరిమితి లేదు, పెళ్ళో సంపాదనో అయ్యేదాకా ఉంటుంది. భర్త పోయో విడాకులయ్యో పుట్టింటికి వచ్చిన కూతురు తండ్రి మీదే ఆధారపడి ఉంటే ఆమెకి మళ్ళీ అర్హత ఉంది. ఈ మాట మా దగ్గర ఎవరికీ తెలియదు. పుట్టింట్లో ఒక మూల తలవంచుకుని బతికే ఆడపిల్లకి తన పేరు మీద ఒక కార్డు ఉండడం ఎంత ధైర్యమో, ఒకసారి ఆమె చేతిలో పెట్టి చూడండి. అమ్మానాన్నలకైతే నెల ఆదాయం 9 వేలు, దాని మీద డీఏ కలిపిన మొత్తం కన్నా తక్కువ ఉండాలి.

అన్నిటికన్నా నన్ను వెంటాడేది వికలాంగులైన పిల్లల సంగతి. అలాంటి బిడ్డకి వయసు అనే హద్దు లేకుండా వైద్యం ఉంటుంది. తల్లిదండ్రుల తర్వాత ఫ్యామిలీ పెన్షన్ కూడా వస్తుంది. కానీ మెడికల్ సర్టిఫికెట్ పెట్టి, రికార్డులో ఎక్కించి, పెన్షన్ ఆర్డరులో ఆ బిడ్డ పేరు చేర్పించే పని తల్లిదండ్రులు బతికుండగానే చేసుకోవచ్చు. చేసుకోవాలి కూడా. మా వీధిలో ఒక తల్లి ఉంది, కొడుక్కి మాట రాదు, నడవలేడు, ముప్పై దాటాడు. "నా తర్వాత వాడిని ఎవరు చూస్తారు పిన్నీ" అని నా దగ్గర ఎప్పుడూ ఏడ్చేది. చూసే మనిషిని నేను తెచ్చివ్వలేను. కానీ వాడి పేరు ఆర్డరులో పడిన రోజు ఆవిడ ఆ కాగితం తీసుకెళ్ళి పూజ గదిలో పెట్టుకుంది.

చదువుల దగ్గర కూడా ఇదే లెక్క. ఇంజనీరింగ్ కౌన్సెలింగ్‌లో సైనికుల పిల్లలకి 2 శాతం సీట్లు, క్యాప్ కోటా అంటారు. యుద్ధంలో ప్రాణాలిచ్చినవాళ్ళ పిల్లలు ముందు వరసలో ఉంటారు, అది న్యాయం. మా అమ్మాయి వెరిఫికేషన్‌కి వెళ్ళినప్పుడు సైనిక సంక్షేమం వాళ్ళు ముందు తిప్పిన పేజీ డిశ్చార్జి బుక్కులో పిల్లల పేర్లున్నదే. ప్రధానమంత్రి స్కాలర్‌షిప్ వచ్చినవాళ్ళకి నెలకి ఆడపిల్లకైతే 3 వేలు, మగపిల్లాడికైతే 2,500. దానికీ పిల్ల పేరు రికార్డులో ఉండాలి. కాన్పు కాగానే జనన ధృవీకరణ పత్రం తీసి తండ్రికి పంపించడం బారసాల కన్నా ముందు చేయాల్సిన పని.

2022 నుంచి అగ్నివీర్‌గా వెళ్తున్న కుర్రాళ్ళ సంగతి వేరు. నాలుగేళ్ళకి ఇంటికొచ్చేవాళ్ళకి పెన్షన్ లేదు, ఈసీహెచ్‌ఎస్ లేదు. సర్వీసులో ఉన్నన్నాళ్ళూ 48 లక్షల బీమా ఉంది. నామినీగా ఎక్కువగా తల్లి పేరో తండ్రి పేరో ఇస్తారు. ఆ పేరు ఆధార్‌తో, బ్యాంకు పాస్‌బుక్కుతో అక్షరం పొల్లుపోకుండా కలవాలని వాళ్ళకి మరీ మరీ చెప్తున్నాను.

ఇప్పుడు పెన్షన్లు బ్యాంకుల నుంచి స్పర్శ్ అనే ఆన్‌లైన్ పద్ధతిలోకి మారాయి. చాలా ఇళ్ళలో దాని లాగిన్ ఆయన ఫోన్లో, పాస్‌వర్డు ఆయన తలలో ఉంటాయి. అక్కా, వదినా, ఇవాళే ఆయన్ని పక్కన కూర్చోబెట్టుకుని తెరిపించండి. ప్రొఫైల్లో భార్య పేరు, పుట్టిన తేదీ, ఆధార్ సరిగా ఉన్నాయో లేదో మీ కళ్ళతో చూడండి. ఆయన సర్వీస్ నంబరు, పెన్షన్ ఆర్డరు నంబరు, పెళ్ళికీ పిల్లలకీ పడిన పార్ట్ టూ నంబర్లు, తేదీలు ఒక నోటుపుస్తకంలో మీ చేతిరాతతో రాసుకోండి. డిశ్చార్జి బుక్కుని కలర్ జెరాక్స్ తీయించి ఒక కాపీ పుట్టింట్లో ఉంచండి. నంబర్లు దొరకకపోతే సర్వీస్ నంబరు, ర్యాంకు, పేరు రాసి రికార్డ్ ఆఫీసుకి స్పీడ్ పోస్టులో ఉత్తరం పెట్టండి, కుటుంబ వివరాలు ఏమున్నాయో తెలియజేయమని. ఆ ఉత్తరం ఎలా రాయాలో తెలియనివాళ్ళు నన్ను అడగండి, రాసిపెడతాను.