నా అనుభవం: మా జట్టులో బ్లాక్ పాంథర్ విలువను లెక్కగట్టిన తీరు

మార్వెల్ రైవల్స్ అనే ఆన్‌లైన్ వీడియో గేమ్‌లో ర్యాంక్ మ్యాచ్‌లు ఆడే మా ఆరుగురి జట్టులో బ్లాక్ పాంథర్ పాత్రను మా చిన్నాన్న కొడుకు ఆడతాడు. వాడి వల్ల జట్టు గెలుస్తోందా, లేక ఆ స్థానంలో దూరం నుంచి కాల్చే మరో డ్యూయలిస్ట్ (దాడి చేసే పాత్ర) ఉంటే ఇంకా ఎక్కువ గెలిచేవాళ్లమా అన్న ప్రశ్న మా మధ్య చాలాకాలం నలిగింది. గెలిచిన రాత్రి వాడు దేవుడు, ఓడిన రాత్రి ఓటమికి కారణం వాడే. రెండు మాటలూ ఆవేశంలో వచ్చినవే కాబట్టి వాటిలో దేన్నీ నేను నమ్మలేకపోయాను. జట్టులో వ్యాన్‌గార్డ్‌గా ముందు నిలబడేది నేను. నా వెనక ఏం జరుగుతోందో ఆట సాగుతుండగా నాకు కనిపించదు. అందుకే ఈ విషయాన్ని తీరిగ్గా, రికార్డయిన మ్యాచ్‌లు చూసి తేల్చే పనిని నేనే తీసుకున్నాను.

మేమందరం బెంగళూరులో ఉద్యోగాలు చేసుకుంటున్న తెలుగువాళ్లం. ఎక్కువమందిమి మారతహళ్లి చుట్టుపక్కల ఉంటాం, ఒకరు మాత్రం ఎలక్ట్రానిక్ సిటీలో ఉంటారు. ఆఫీసు నుంచి ఇల్లు చేరి, భోజనం ముగించి, అందరం ఒకేసారి హెడ్‌ఫోన్స్ పెట్టుకునేసరికి పది దాటుతుంది. దొరికే సమయం తక్కువ కాబట్టి ఎవరు ఏ పాత్ర ఆడాలన్న నిర్ణయం మాకు చిన్న విషయం కాదు.

ఆట తెలియనివారి కోసం కొంత చెప్పాలి. నెట్‌ఈజ్ సంస్థ 2024 డిసెంబరు 6న విడుదల చేసిన ఈ ఆటలో ఆరుగురితో ఆరుగురు తలపడతారు. ముందు నిలబడి దెబ్బలు కాచుకునేవారు వ్యాన్‌గార్డ్‌లు, ప్రత్యర్థులను చంపడమే ప్రధాన పనిగా గలవారు డ్యూయలిస్ట్‌లు, వైద్యం చేస్తూ జట్టును నిలబెట్టేవారు స్ట్రాటజిస్ట్‌లు. ఏ రకం వారు ఎందరుండాలన్న నియమం లేదు; ఈ చిన్న విషయం నా లెక్కను ఎంత మార్చిందో తరవాత చెబుతాను. డ్యూయలిస్ట్‌లలో చాలామంది తుపాకులతో, బాణాలతో, మంత్రశక్తులతో దూరం నుంచి దాడి చేస్తారు. బ్లాక్ పాంథర్ మాత్రం గోళ్లతో, మనిషి మీదికి వెళ్లి కొట్టే పాత్ర. ఈటె విసిరితేనో, గిరగిరా తిరిగే తన్ను తగిలితేనో ప్రత్యర్థి మీద వైబ్రేనియం గుర్తు పడుతుంది. గుర్తు పడిన మనిషి గుండా దూసుకెళితే ఆ దూకుడు వెంటనే మళ్లీ సిద్ధమవుతుంది, పైగా కొంత అదనపు ప్రాణం కూడా దక్కుతుంది. గుర్తు లేకుండా దూకితే కూల్‌డౌన్ (శక్తి మళ్లీ సిద్ధమయ్యే వ్యవధి) ముగిసేదాకా ఆగాలి, ఆ కాసేపూ వాడు శత్రువుల నడుమ చిక్కుకున్న ఒంటరి మనిషి. కబడ్డీలో కూతకు వెళ్లిన ఆటగాడిలాగా ముట్టుకోవడం ఎంత ముఖ్యమో, ఊపిరి ఉండగా గీత దాటి తిరిగి రావడమూ అంతే ముఖ్యం.

మొదట అందరూ చూసేది స్కోర్‌బోర్డునే కాబట్టి నేనూ అక్కడి నుంచే మొదలుపెట్టాను. కిల్స్, మరణాలు, చివరి దెబ్బలు, మొత్తం నష్టం, చేసిన వైద్యం, కాచుకున్న దెబ్బలు అన్నీ అందులో వరుసగా ఉంటాయి. కాని దగ్గర నుంచి కొట్టే పాత్ర విషయంలో ఈ అంకెల్లో చాలా వరకు దారి తప్పించేవే. దూరం నుంచి కాల్చే డ్యూయలిస్ట్ ప్రత్యర్థి వ్యాన్‌గార్డ్ ఒంటిమీద ఎడతెరపి లేకుండా గుళ్లు కురిపిస్తే మొత్తం నష్టం అంకె పెరుగుతూ పోతుంది. ఆ దెబ్బలను అవతలి స్ట్రాటజిస్ట్‌లు వెంటనే నయం చేస్తుంటే దాని వల్ల వాళ్ల అల్టిమేట్ (పూర్తిగా నిండాకే వాడగలిగే పెద్ద శక్తి) త్వరగా నిండడం తప్ప మనకు ఒరిగేది తక్కువ. బ్లాక్ పాంథర్ ఒక్క స్ట్రాటజిస్ట్‌ను చంపి బయటపడితే నష్టం అంకెలో అది చిన్నదిగా కనిపిస్తుంది. మరోవైపు, పోరు అప్పటికే గెలిచిపోయాక పారిపోతున్న వారిని వెంటాడి చంపినా కిల్స్ సంఖ్య పెరుగుతుంది, ఆ కిల్ వల్ల మ్యాచ్‌లో మారేది దాదాపు ఏమీ ఉండదు. మ్యాచ్ చివర వచ్చే ఎంవీపీ (అత్యుత్తమ ఆటగాడు) బిరుదును అందుకే నేను అసలు లెక్కలోకి తీసుకోలేదు.

ఆ తరవాత కొలమానాన్ని మ్యాచ్ నుంచి పోరుకు మార్చాను. రెండు జట్లూ ఎదురుపడినప్పటి నుంచి ఒక జట్టు చెదిరిపోయేదాకా సాగేదాన్ని ఒక పోరుగా తీసుకుని, ప్రతి పోరుకూ నోట్‌బుక్కులో కొన్ని విషయాలు రాసుకున్నాను: మొదట పడిన మనిషి ఎవరు, ఆ మనిషిని పడగొట్టింది ఎవరు, మావాడు లోపలికి దూకే సమయానికి ముందువరసలో మేం తలపడుతున్నామా లేదా, దూకినవాడు ప్రాణాలతో తిరిగొచ్చాడా, వాడు దూకడం వల్ల అవతలివాళ్లు ఏయే శక్తులు ఖర్చు చేశారు. వీటన్నింటి కన్నా నాకు ముఖ్యమనిపించిన అంశం మరొకటి ఉంది. వాడు వెనకదారిన చుట్టి వెళ్లేంతసేపూ మేం ఐదుగురమే ఆరుగురితో పోరాడుతున్నట్టు. ఆ నడకలో పోయే సమయానికి తగిన ఫలితం దక్కిందా లేదా అన్నది రాయకపోతే మిగిలిన రాతకు అర్థం ఉండదు.

రీప్లేలో ఏ ఆటగాడి కళ్లతోనైనా మ్యాచ్‌ను చూసే వీలుంది, వేగాన్నీ తగ్గించుకోవచ్చు. నేను మావాడి కోణంలో చూడడం త్వరలోనే మానేశాను, ఎందుకంటే ఆ పాత్ర కళ్లతో చూస్తే ప్రతి దూకుడూ గొప్పగానే కనిపిస్తుంది. అవతలి స్ట్రాటజిస్ట్‌ల కోణం నుంచి చూడమని సలహా ఇచ్చింది మా జట్టులో లూనా స్నో అనే స్ట్రాటజిస్ట్ పాత్ర ఆడే నెల్లూరు అక్క. "నన్ను చంపాడా లేదా అని మాత్రమే చూస్తే నీకు సగం కూడా కనబడదు తమ్ముడూ. వాడొచ్చినప్పుడు నేను వెనక్కి తిరిగానా? గడ్డకట్టించే ఫ్రీజ్ వాడానా? ఆ టైంలో మా వ్యాన్‌గార్డ్‌ను ఎవరు చూసుకున్నారు? అది చూడు," అంది. తను రోజూ అవతలి జట్ల బ్లాక్ పాంథర్‌ల చేత వేటాడబడే మనిషి కాబట్టి ఆ మాటకు బరువుంది.

అలా చూడడం మొదలుపెట్టాక నా నోట్‌బుక్కు స్వరూపమే మారింది. వాడు ఎవరినీ చంపకుండా తిరిగొచ్చిన పోరాటాల్లో కొన్ని మేం తేలిగ్గా గెలిచినవే. అవతలి లూనా స్నో తన ఫ్రీజ్‌ను వాడి మీద ఖర్చు చేసింది, మాంటిస్ నిద్రపుచ్చే శక్తిని వాడి మీదే విసిరింది, ఇన్విజిబుల్ వుమన్ నెట్టివేసే శక్తితో వాడిని దూరం చేసుకుంది. ఆ కాసేపట్లో వాళ్ల వ్యాన్‌గార్డ్‌కు వైద్యం ఆగింది, ముందు నిలబడ్డ నేనూ నా తోటి వ్యాన్‌గార్డూ కలిసి అవతలి వ్యాన్‌గార్డ్‌ను పడగొట్టేశాం. ఇంకా విలువైనది మరొకటి ఉంది: జట్టంతటినీ కాపాడడానికి దాచుకున్న అల్టిమేట్‌ను లూనా స్నో ఒక్క బ్లాక్ పాంథర్ నుంచి తనను తాను కాపాడుకోవడానికి వాడేసిన సందర్భాలు. ఆమె అల్టిమేట్ నడుస్తున్నంతసేపూ మామూలు దెబ్బలతో ఆ జట్టులో ఎవరినీ చంపడం దాదాపు అసాధ్యం, అది ఒక పోరు ఫలితాన్నే తిప్పేస్తుంది. దాన్ని ఒక్కడి కోసం ఖర్చు చేయించడం అంటే తరవాతి పోరును ముందే సగం గెలిచినట్టు. స్కోర్‌బోర్డులో దీనికి ఏ గడీ లేదు.

అదే పద్ధతి నాణేనికి రెండో వైపునూ చూపించింది. వాడు ఇద్దరిని చంపి తిరిగి రాని పోరాటాలు కొన్ని ఉన్నాయి. హెడ్‌ఫోన్స్‌లో వాడి ఉత్సాహం విన్నప్పుడు అవి మాకు గొప్పగా తోచాయి, కాని రీప్లేలో చూస్తే ఆ రెండు మరణాలు జరిగే సమయానికి మేం ఇంకా మలుపు అవతలే ఉన్నాం. మేం చేరేసరికి వాడు లేడు, పడిపోయినవాళ్లు, చచ్చినవారు మళ్లీ ఆటలోకి వచ్చే పునరాగమన స్థలం నుంచి తిరిగొచ్చే దారిలో ఉన్నారు. దాడి ఫలితం ఎంతమంది పడ్డారన్న దాని మీద కన్నా ఆ క్షణంలో మేం ఎక్కడున్నామన్న దాని మీదే ఎక్కువగా ఆధారపడి ఉందని పోరు తరవాత పోరు చూపించింది. నా దృష్టిలో మొత్తం పరిశీలనలోని అసలు విషయం ఇదే.

ఈ సంగతి వాడితో మాట్లాడడానికి ఒక ఆదివారం మధ్యాహ్నం మారతహళ్లిలోని ఆంధ్రా మెస్‌లో కూర్చున్నాం. వాడు నా రాతలన్నీ ఓపిగ్గా చదివి, "నేను దూకే ముందు మీరు కలబడ్డారో లేదో నాకు కనబడదన్నా. గోడ మీద పరిగెత్తుతూ వెనకదారిలో ఉంటాను, అక్కడ నుంచి మీ వరస కనిపించదు," అన్నాడు. అది న్యాయమైన మాట. అతడి నిర్ణయం అనుకున్నదాంట్లో సగం మా మౌనం నుంచి పుట్టిందేనని అప్పుడు స్పష్టమైంది. ఆ రోజు నుంచి ముందువరసలో నేను కలబడగానే ఒక్క మాట చెబుతాను, అది విన్న తరవాతే వాడు ఈటె విసురుతాడు. ఈటె తగలకపోతే దూకకుండా వెనక్కి వచ్చేయాలన్న నియమాన్ని వాడే తనకు తాను పెట్టుకున్నాడు.

వాడి స్థానంలో మరొకరు ఉంటే అన్న ప్రశ్నకు కూడా జవాబు వెతకాల్సి వచ్చింది, ఎందుకంటే ఒక పాత్ర విలువ ఆ స్థానంలో ఉండగలిగిన ఇంకో పాత్రతో పోల్చినప్పుడే తెలుస్తుంది. కొన్ని రాత్రులు వాడు దూరం నుంచి కాల్చే డ్యూయలిస్ట్ అయిన హెలా పాత్ర ఆడాడు. పోరాటాలు నిలకడగా సాగాయి, మా మరణాలు తగ్గాయి, కాని అవతలి స్ట్రాటజిస్ట్‌లు ఏ జంకూ లేకుండా వెనక నిలబడి అల్టిమేట్‌లు నింపుకున్నారు. ఇంటర్నెట్‌లో కనిపించే గెలుపు శాతాలను ఈ పోలికకు నేను వాడలేదు. ఇలాంటి కష్టమైన పాత్రను పట్టుబట్టి ఎంచుకునేవారిలో దాన్ని నెలలకొద్దీ సాధన చేసే తరహా ఆటగాళ్లు ఎక్కువ కాబట్టి, ఆ శాతం పాత్ర బలాన్ని చెబుతోందో ఆడేవారి పట్టుదలను చెబుతోందో విడదీయలేం. పైగా 2025 ఏప్రిల్‌లో మొదలైన రెండో సీజన్ నుంచి గోల్డ్ ర్యాంకు మూడో అంచె నుంచే, మ్యాచ్‌కు ముందు కొన్ని పాత్రలను నిషేధించే దశ వచ్చింది. ఒక పాత్రను, దానికి గిట్టని పాత్రలు నిషేధానికి గురైన మ్యాచ్‌లలోనే ఎక్కువగా తీస్తారు, దాంతో ఆ శాతం ఉన్నదానికన్నా పెద్దగా కనిపిస్తుంది.

గిట్టని పాత్రల సంగతి విడిగా చెప్పుకోవాలి. పెనీ పార్కర్ తన గూడు చుట్టూ మైన్లు పరిచి కూర్చుంటే వెనకదారి దాదాపు మూసుకుపోయినట్టే. నేమార్ నిలబెట్టే జలచరాలు దగ్గరికి వచ్చినవారిని వాటంతట అవే గురిపెట్టి కాలుస్తాయి, ఎంత వేగంగా కదిలినా వాటికి తేడా ఉండదు. 2025 ఫిబ్రవరిలో వచ్చిన ది థింగ్ అయితే దాడికి గురైన తోటివాడి పక్కకు ఒక్క ఉదుటున దూకి అడ్డం నిలబడతాడు, తను దూసుకెళ్లిన నేల మీద ఇతరుల దూకుడు శక్తులు పనిచేయకుండా చేస్తాడు. ఈ ముగ్గురిలో ఇద్దరు ఎదురైన పోరాటాల్లో మావాడి దాడుల వల్ల మాకు దక్కింది స్వల్పం. నైపుణ్యంతో దాన్ని అధిగమించవచ్చని వాడు వాదిస్తాడు, నిజమే కావచ్చు, కాని ఆ వాదన నెగ్గేలోపు మ్యాచ్ ముగుస్తుంది.

అవతలి జట్టులో ఎందరు స్ట్రాటజిస్ట్‌లు ఉన్నారన్నది కూడా అంతే బలంగా పనిచేసింది. ఇద్దరే ఉన్నప్పుడు ఒకరు పడితే ఆ జట్టు వైద్యంలో సగం పోతుంది. ముగ్గురున్నప్పుడు ఒకరు పడినా ఇంకా ఇద్దరు ఉంటారు, పైగా ఒకరి మీద ఈటె పడగానే మిగిలిన ఇద్దరూ అటు తిరిగి నయం చేస్తారు. మ్యాప్‌ల మధ్య తేడా నేను అనుకున్నంత పెద్దగా కనిపించలేదు. బిర్నిన్ టచాలా లాంటి డామినేషన్ మ్యాప్‌లలో మధ్య స్థలం కోసం ఇరువైపులా పదేపదే కలబడాల్సి రావడంతో వాడికి అవకాశాలు ఎక్కువ దొరికాయి, అంతే.

ఇవన్నీ అందరి ముందూ పెట్టాక మేం ఒక ఒప్పందానికి వచ్చాం. అవతల ఇద్దరు స్ట్రాటజిస్ట్‌లు ఉండి, పైన చెప్పిన ముగ్గురిలో ఒకరికి మించి లేకపోతే వాడు బ్లాక్ పాంథర్‌తోనే మొదలుపెడతాడు. మొదటి రెండు పోరాటాల్లో వాడు దూకినప్పుడల్లా అవతలి స్ట్రాటజిస్ట్‌లు వెనక్కి తిరుగుతుంటే, ఒక్క కిల్ రాకపోయినా పాత్ర మార్చమని ఎవరూ అడగకూడదు. వాళ్లు వాడిని పట్టించుకోకుండా ముందువరసకే వైద్యం చేస్తూ, వాడి సంగతి నేమార్‌కో పెనీకో వదిలేస్తుంటే, ఎన్ని కిల్స్ ఉన్నా వాడు హెలాకు మారాలి. అది గమనించి చెప్పే పని అక్క తీసుకుంది. ముగ్గురు స్ట్రాటజిస్ట్‌ల జట్లు ఎదురైనప్పుడు ఏం చేయాలన్న విషయంలో మాత్రం ఇంకా ఏకాభిప్రాయం లేదు. వాడు అల్టిమేట్ దాచుకుని ఒకేసారి ఇద్దరి మీద గుర్తులు వేసి దూకుతానంటున్నాడు, అక్క అసలు ఆ మ్యాచ్‌లలో దూకే పాత్రే వద్దంటోంది. ఇద్దరి మాటా పరీక్షించడానికి ఇప్పుడు అలాంటి మ్యాచ్‌ల రీప్లేలను విడిగా దాస్తున్నాను.