అరుంధతి కనిపించిందా నాన్నగారూ?

మే 14, గురువారం. అమలాపురం.

ఆవకాయ పెట్టేశాం. పాతిక కాయలు. ముక్కలు తుడవడం దగ్గర్నుంచి జాడీకి గుడ్డ కట్టేదాకా అమ్మా నేనే. మధ్యాహ్నానికి చేతులు భగ్గుమంటుంటే కొబ్బరినూనె రాసుకుని కాసేపు నడుం వాల్చాను. శనివారం తిరగ కలపాలి. పగలంతా ఇంతే.

ఎనిమిదింటికి కరెంటు పోయింది. ఇన్వర్టర్ బ్యాటరీ పోయి చాన్నాళ్లయింది. ఈ ఉక్కలో ఇంట్లో కూర్చోలేక చాప, దిళ్లు, మంచినీళ్ల చెంబు పట్టుకుని ముగ్గురం మేడెక్కాం. నాన్నగారు మేడెక్కి రెండేళ్లయింది. ఎప్పుడడిగినా మోకాళ్లు అనేవారు. ఇవాళ నేనే చెయ్యి పట్టుకుని, మెట్టు మెట్టుకీ ఆగుతూ తీసుకెళ్లాను.

ఆయన కుడి కంటికి శుక్లం ఆపరేషన్ అయి ఇవాళ్టికి ఇరవై రెండో రోజు. రోజుకు నాలుగుసార్లు మందు వెయ్యాలి. ఆఖరిది తొమ్మిదింటికి. ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి, తల వెనక్కి వాల్చమని, సెల్‌ఫోన్ లైటులో కింది రెప్ప వేలితో లాగి ఒక్క చుక్క వేశాను. చుక్క పడగానే ఆయన పెదవులు బిగుస్తాయి, చిన్నపిల్లాడిలా. కన్ను మూసి ఐదు నిమిషాలు ఉండాలి. లైటు ఆర్పేశాను. ముగ్గురం మాటల్లేకుండా కూర్చున్నాం.

ఎల్లుండి అమావాస్య. వీధి లైట్లు కూడా లేవు. పక్కింటి కొబ్బరి చెట్ల మీదుగా ఉత్తరాన సప్తర్షి మండలం బాగా పైకొచ్చి ఉంది. మే నెలలో ఈ వేళకి అది ఉన్నంత ఎత్తున ఇంకెప్పుడూ ఉండదు. ఎడమ వైపు నాలుగు, కుడి వైపు వంకీలా మూడు. మా అమ్మమ్మ దాన్ని మంచం అనేది. నాలుగూ కోళ్లు, మూడూ ఆ మంచాన్ని ఎత్తుకుపోతున్న దొంగలు. ఆ దొంగల్లో మధ్యవాడే వశిష్ఠుడని నాకు చెప్పింది నాన్నగారు. అప్పుడు నాకు ఏడేళ్లు. దొంగ ఋషెలా అయ్యాడని రాత్రంతా ఆలోచించాను.

పేర్లు కూడా ఆయనే ఈ మేడ మీదే నేర్పారు. మంచం వైపు నుంచి క్రతువు, పులహుడు, పులస్త్యుడు, అత్రి. తరువాత అంగిరసుడు, వశిష్ఠుడు, చివర మరీచి. ఏడుగురిలో అత్రి బాగా మసక. పులహుడి నుంచి క్రతువు మీదుగా గీత గీసి, ఆ ఇద్దరి మధ్య దూరానికి ఐదింతలు కిందికి పొడిగిస్తే ధ్రువుడు. మా ఊరు భూమధ్యరేఖకు పదహారున్నర డిగ్రీల పైన ఉంది కాబట్టి ధ్రువుడు మాకు దిగంతం నుంచి అంతే ఎత్తులో ఉంటాడు. అంటే కొబ్బరి మట్టల్లో. గాలికి మట్ట పక్కకి జరిగినప్పుడే కనిపిస్తాడు.

తరువాత నేను ఫిజిక్స్ చదివి, హైస్కూల్లో పిల్లలకు చెబుతున్నాను. ఏడుగురిలో నడిమి ఐదుగురూ నిజంగానే ఒక గుంపు, ఆకాశంలో ఒకే దిక్కుకి కలిసి కదులుతున్నారు. చివర్లనున్న క్రతువు, మరీచి దారులు మాత్రం వేరు. వశిష్ఠుణ్ణి చిన్న టెలిస్కోపుతో చూసినా రెండుగా విడిపోతాడు. ఆ రెండింట్లో ఒకటి మళ్లీ జంట అని 1889లో దాని వెలుగు వర్ణపటంలో పట్టారు. రెండోదీ అంతే. అరుంధతికి కూడా తోడొకటి ఉందని 2009లో తేలింది. మనం ఇద్దరనుకుంటున్నచోట ఆరు నక్షత్రాలున్నాయి. ఈ మాట చెప్పినప్పుడు క్లాసులో పిల్లల మొహాలు చూడాలి. నాకు ఆ ఒక్క పీరియడ్ కోసం ఏడాదంతా ఎదురుచూడాలనిపిస్తుంది.

ఐదు నిమిషాలయ్యాయి. నాన్నగారు కళ్లు తెరిచారు. ఎడమ కంటికి అరచెయ్యి అడ్డం పెట్టుకుని ఉత్తరం వైపు తిరిగారు. అలాగే ఉండిపోయారు.

"వశిష్ఠుడు కనిపించాడా నాన్నగారూ?"

"ఊఁ."

"పక్కన ఆవిడ?"

జవాబు లేదు. చాలాసేపటికి, "మోకాళ్లు కాదమ్మా," అన్నారు.

రెండేళ్ల కిందట, వైశాఖంలోనే, ఒక రాత్రి ఆయన ఒక్కరే మేడెక్కారట. వశిష్ఠుడు ఉన్నాడు, అరుంధతి లేదు. కళ్లద్దాలు తుడిచి చూశారు, లేదు. మర్నాడూ లేదు. ఆయనకు చిన్నప్పుడు తాతగారు నేర్పిన శ్లోకం ఒకటుంది. ఆయువు తీరినవాళ్లకు ఆరిపోయిన దీపం వాసన తెలియదు, స్నేహితుల మాట చెవికెక్కదు, అరుంధతి కనిపించదు. ఇక అప్పట్నుంచి మేడెక్కడం మానేశారు.

"శుక్లమేనని తెలియదా నాన్నగారూ?"

"తెలుసు. పగలు తెలుసు. రాత్రి పక్క మీద పడుకుంటే తెలియదు."

అమ్మ చాప మీంచి లేచి కూర్చుంది. "రెండేళ్లు నాతో ఒక్క మాట అనలేదేమండీ?"

"నీతో ఏమని చెప్పను?"

నాకు గొంతు పట్టేసింది. అరుంధతి నాలుగో తరగతి ప్రకాశం, లెన్సు మసకబారితే ముందు పోయేది అలాంటి చుక్కలేనని నేను ఊరందరి పిల్లలకూ చెబుతాను. ఆవిడ కనిపిస్తే కంటిచూపు బాగున్నట్టని పూర్వం పరీక్షగా కూడా చూసేవాళ్లు. ఇంట్లో ఉన్న మనిషి ఎందుకు మేడెక్కట్లేదో మాత్రం ఒక్కసారి సరిగ్గా అడగలేదు. మోకాళ్లకి తైలం కొనుక్కొచ్చాను, రెండేళ్లు.

అమ్మ కాసేపటికి తన పెళ్లి సంగతి ఎత్తింది. వైశాఖంలో రాత్రి ముహూర్తం. పురోహితుడు పందిరి బయటికి తీసుకొచ్చి అలా పైకి చెయ్యి చూపించి అరుంధతి అన్నారట. అమ్మకేం కనిపించలేదు, కనిపించిందని తలూపింది. తరువాత ఎవరూ లేనప్పుడు నాన్నగారు మళ్లీ బయటికి పిలిచి, ముందు మూడు దొంగలు, అందులో మధ్యవాడు, వాడి పక్కన చూడు అని చూపించారట. పెద్దది చూపించి చిన్నదాని దగ్గరికి తీసుకెళ్లడమే అరుంధతీ న్యాయం. నలభై ఎనిమిదేళ్లుగా అమ్మ ఈ మాట నాకెప్పుడూ చెప్పలేదు.

అరుంధతి కథల్లో నాకు ఎప్పుడూ గుచ్చుకునేది భారతంలోది. అగ్నిదేవుడు సప్తర్షుల భార్యల మీద మనసుపడ్డాడు. అతని మీద మనసుపడ్డ స్వాహాదేవి ఒక్కొక్క ఋషిపత్ని రూపం ధరించి అతన్ని చేరింది. ఆరు రూపాలు వచ్చాయి. అరుంధతి రూపం మాత్రం ఎంత ప్రయత్నించినా రాలేదు. మిగిలిన ఆరుగురి మీదా నింద పడింది, ఋషులు వదిలేశారు. వాళ్లే కృత్తికలు, మన పిల్లలకోడి చుక్కలు. అరుంధతిని పొగిడే ప్రతివాళ్లూ ఆ ఆరుగురినీ దాటేసి వెళ్లిపోతారు. వాళ్లు ఏ తప్పూ చెయ్యలేదు. ఇప్పుడు కృత్తిక కార్తె నడుస్తోంది, సూర్యుడు ఆ చుక్కల దగ్గరే ఉన్నాడు. ఋషులు ఉత్తరాన ఇంత ఎత్తులో వెలుగుతున్న ఈ రోజుల్లో వాళ్ల భార్యలు రాత్రిపూట అసలు కనిపించరు.

గ్రీకుల కథలోనూ ఆడమనిషికే శిక్ష. వాళ్లకి ఈ సప్తర్షి మండలం ఎలుగుబంటి. దేవతల రాజు జ్యూస్ కన్నుపడిన కల్లిస్టో ఎలుగుబంటైంది, ఆకాశానికి చేరాక కూడా అతని భార్య హేరా పగ తీరక, ఆమె ఎప్పటికీ సముద్రంలో స్నానం చెయ్యకూడదని కట్టడి చేయించింది. ఆ కాలంలో గ్రీసు నుంచి చూస్తే ఆ చుక్కలు నిజంగానే అస్తమించేవి కావు. మన దగ్గర ఏడుగురూ దిగంతం కిందికి దిగి మళ్లీ పైకొస్తారు. వేదంలోనూ వీళ్లకి ఋక్షాలని పేరు. ఆ మాటకి ఎలుగుబంట్లనీ అర్థమే.

"ఉంది," అన్నారు నాన్నగారు.

నేను లేచి ఆయన కుర్చీ వెనక నిలబడ్డాను. ఆయన చెయ్యెత్తి చూపుడువేలు చాపారు. వేలు వణుకుతోంది. "కుడి పక్కన. కాస్త కిందికి. సూదిమొనంత."

సరిగ్గా అక్కడే ఉంది. ఆ వెలుగు బయల్దేరి ఎనభై ఏళ్లు దాటింది, ఆయన ఇంకా పుట్టకముందు.

తరువాత అరచెయ్యి కుడి కంటికి మార్చి ఎడమ కంటితో చూశారు. "దీంతో లేదు. వశిష్ఠుడే అలుక్కుపోయాడు."

"ఆ కంటికీ శుక్లమే కదా నాన్నగారూ."

"ఎప్పుడు రమ్మన్నారు?"

"జూన్ ఆఖర్న."

"అప్పటికి వీళ్లు ఉంటారా పైన?"

"జులై దాకా పొద్దుగూకగానే కనిపిస్తారు. వాయవ్యానికి వాలి ఉంటారు."

"అయినా కాస్త ముందుకి జరుపుతారేమో రేపు ఫోన్ చేసి కనుక్కో," అన్నారు.

పదిన్నరకి కరెంటు వచ్చింది. మెట్ల దగ్గర లైటు భగ్గుమంటే ఆపేయమన్నారు.