కొండే దేవుడైన చోట కోడిగుడ్డు

జపాన్‌లో నారా నగరం దగ్గర సకురాయిలో ఉన్న ఒమివా గుడికి వెళ్లొచ్చి మా ఆఫీసు కుర్రాడొకడు "అక్కా, అక్కడ విగ్రహమే లేదు, ఇంక ఏం చూస్తాం?" అన్నాడు. ఆ మాట నాకు ముల్లులా దిగబడి ఉంది.

గర్భగుడి లేని మాట నిజమే. 467 మీటర్ల మివా కొండే అక్కడ దేవుడు. ముఖమండపంలో నిలబడి, మూడు తోరీలు (జపాన్ గుళ్ల ముందుండే కమానులు) ఒకటిగా కలిసిన ద్వారం అవతలున్న కొండకి దణ్ణం పెట్టుకుంటారు. అరుణాచల ప్రదక్షిణ చేసినవాళ్లకి ఇది విడమరిచి చెప్పాలా?

720లో పూర్తయిన జపాన్ పాత చరిత్ర గ్రంథం నిహోన్ షోకీలో ఈ స్వామి కథ ఉంది. రాత్రిళ్లు మాత్రమే వచ్చే భర్తని "ఒక్కసారి పగలు కనిపించవా" అని రాకుమారి బతిమాలింది. రేపు నీ దువ్వెన పెట్టెలో ఉంటాను, చూసి బెదరకు, అన్నాడాయన. పొద్దున మూత తీస్తే అందమైన చిన్న పాము. రాకుమారి కెవ్వుమంది. ఆయన సిగ్గుపడి మివా కొండకి వెళ్లిపోయాడు. కొండెక్కేవాళ్లు ఫోటోలు తియ్యకూడదన్న నియమాన్ని నేను ఈ కథ పక్కనే పెట్టుకుంటాను. చూపించమని పట్టుబట్టిందీ మనమే, చూపించాక కెవ్వుమన్నదీ మనమే!

పక్కనున్న సాయి గుడిలో (మన బాబా కాదు) పేరు రాయించుకుని, గంట కట్టిన తెల్ల పట్టీ మెడలో వేసుకుని ఎక్కాలి. పైన తినకూడదు, ఆకు గానీ రాయి గానీ తెచ్చుకోకూడదు.

నేనూ ఎక్కి కిందికొచ్చాక ఆవరణలో పెద్ద సుగీ (జపాన్ దేవదారు) చెట్టు దగ్గర నా కాళ్లు ఆగిపోయాయి. దాని మొదట్లో పాము ఉంటుందని నమ్మకం. ముందు సాకే (బియ్యపు సారా) సీసాలు, కోడిగుడ్లు. గుడ్లండీ! నాగుల చవితికి మా అమ్మమ్మ పుట్టలో వేసేవి, అవే. చెంబుతో పాలు, చిమ్మిలి, చలిమిడి, తడి జుట్టుతో అమ్మమ్మ, అన్నీ ఒక్కసారి గుర్తొచ్చి కళ్లు చెమ్మగిల్లాయి.

కిందటేడు చవితికి ఊళ్లో ఉన్నాను. పాల ప్యాకెట్ పళ్లతో చింపి పుట్టలో గుమ్మరించడం, కవరు అక్కడే పారేయడం, ఆ కవర్ల మీదే నిలబడి సెల్ఫీ. కన్నాలన్నీ పసుపు, అగరొత్తుల అట్టలతో మూసుకుపోయాయి. లోపల నాగేంద్రుడు ఊపిరెలా తీసుకుంటాడని ఒక్కరికీ తోచలేదా తల్లీ?

గుడ్డు పెట్టండి, పాలు నాలుగు చుక్కలు చాలు. చెంబులో పట్టుకెళ్లండి. ఆ చెంబెలాగూ ఇంటికి తెచ్చుకుంటారుగా.